పరీక్ష గదిలో నేను కూడా ఉన్నాను

పోయిన నెల ఆస్పత్రిలో మా యూనిట్ వాళ్ళు నాకు శాలువా కప్పి, చేతిలో పళ్ళబుట్ట పెట్టి, రిటైర్మెంట్ ఫంక్షన్ చేశారు. నా వయసు ముప్పై నాలుగు. "ఉద్యోగం మారేవాళ్ళకి కేకు, రిటైరయ్యేవాళ్ళకి శాలువా. నువ్వు మళ్ళీ ఈ పనిలోకి రానంటున్నావు కాబట్టి నీకు శాలువాయే" అని మా యూనిట్ పెద్ద ఇందుమతి మేడమ్ తేల్చేశారు. ఆమె దగ్గర పదకొండేళ్ళు పనిచేశాను. వచ్చే నెల నుంచి బెళ్ళందూరులో ఒక స్కూలు లైబ్రరీలో చేరుతున్నాను.

నా స్థానంలో చేరిన మీరిద్దరూ "అక్కా, నీ డైరీలు ఇచ్చి వెళ్ళు" అని అడిగారు. డైరీలు ఇవ్వలేను, వాటిలో ఇంకేవేవో ఉన్నాయి. పనికొచ్చేది మాత్రం ఏరి ఇక్కడ రాస్తున్నాను. ఫారాలు ఎలా నింపాలో, స్కోర్లు ఎలా వేయాలో వారంలో మీకే వచ్చేస్తుంది, అది రాయను. మనుషుల పేర్లు మార్చాను. తప్పులు మాత్రం మార్చలేదు.

మన పని

తలకి దెబ్బ తగిలినవాళ్ళు, మెదడులో గడ్డ తీయించుకున్నవాళ్ళు, పక్షవాతం వచ్చి తేరుకున్నవాళ్ళు మన దగ్గరికి వస్తారు. దెబ్బ ఎక్కడ తగిలిందో స్కాన్ చూసి డాక్టర్లు చెబుతారు. ఆ దెబ్బ మనిషి బతుకులో ఏం చేసిందో మనం చెప్పాలి. అందుకే ఒక చిన్న గదిలో కూర్చోబెట్టి, కార్డులు, బొమ్మలు, అంకెలు ముందు పెట్టి పరీక్షలు చేస్తాం.

నేను పెరిగింది హెబ్బగోడిలో. మా నాన్న అత్తిబెలె దగ్గర ఒక ఫ్యాక్టరీలో పనిచేసేవారు. ఇంట్లో తెలుగు, వీధిలో కన్నడ. తెలుగు మాట్లాడే పేషెంట్లంతా నా దగ్గరికే వచ్చేవాళ్ళు.

ఈ రాతలో నేను చెప్పేదంతా నుదుటి ఎముక వెనక ఉండే మెదడు భాగం గురించే. ప్రీఫ్రంటల్ కార్టెక్స్ అని మీరు చదువుకుని ఉంటారు. చూపు, నడక, ఊరు పేరు గుర్తుండటం ఇవన్నీ మెదడులో వేరే చోట్ల జరిగే పనులు. అందుకని ముందు భాగానికి దెబ్బ తగిలిన మనిషి నెల తిరిగేసరికి నడిచి ఇంటికి వెళ్ళిపోతాడు. పేర్లు చెబుతాడు, పేపరు చదువుతాడు. అదృష్టవంతుడు, బతికి బయటపడ్డాడు అంటారు చుట్టాలు. ఏదన్నా మొదలుపెట్టడం, మొదలుపెట్టింది ఆపడం, అనబోయే మాటను ఒక్క క్షణం నాలుక మీద పట్టి ఉంచడం, రేపటి సంగతి ఇవాళ ఆలోచించుకోవడం, ఒక దారి కుదరకపోతే ఇంకో దారికి మళ్ళడం, ఇవి పోయాయని ఇంట్లోవాళ్ళకి తర్వాత ఎప్పుడో తెలుస్తుంది. అప్పుడు కూడా పోయాయని అనుకోరు. మనిషి చెడిపోయాడనుకుంటారు.

నా రెండో ఏడాదిలో ఒక గార్మెంట్స్ ఫ్యాక్టరీ అమ్మాయి వచ్చింది. అన్నం కలిపి ముందు పెడితే అలాగే చూస్తూ కూర్చునేది. "ఆకలేస్తోందా?" అంటే "వేస్తోంది" అనేది. "మరి తినొచ్చు కదా?" అంటే "తింటాను" అనేది. పళ్ళెం అలాగే ఉండేది. "ముద్ద తీసుకోండి" అని నేనంటే వెంటనే తీసుకునేది. అత్తగారింట్లో ఆమెకి సోమరిపోతు అని పేరు పెట్టారు. దిగులుతో ఉందేమో అని నేను రాయబోతే మేడమ్ ఆపారు. "దిగులున్న మనిషి కళ్ళు అలా ఉండవు. బండి బాగానే ఉంది, పెట్రోలూ ఉంది. స్టార్టర్ పోయింది. ఆ మాట అత్తగారికి అర్థమయ్యేలా రాయి" అన్నారు.

ఆ కేసు నాకు బాగా అర్థమైందనుకున్నాను. స్టార్టర్ పోయినవాళ్ళని గుర్తుపట్టగలిగితే బ్రేకు పోయినవాళ్ళనీ గుర్తుపడతాననుకున్నాను. నాగభూషణ అనే పేషెంటు విషయంలో పట్టలేకపోయాను.

జబ్బా, పొగరా

నాగభూషణ వాళ్ళది చిక్కపేటలో అన్నదమ్ములిద్దరు నడిపే పట్టుచీరల అంగడి. వాళ్ళ తాతల కాలంలో మగ్గాలుండేవట. అన్న గోవిందయ్య గల్లా దగ్గర కూర్చుంటాడు. తమ్ముడు నాగభూషణ పరుపు మీద కూర్చుని చీరలు విప్పి చూపిస్తాడు. అప్పటికి అతనికి నలభై రెండేళ్ళు. స్కూటర్ మీద నుంచి పడి నుదురు రోడ్డుకి కొట్టుకుంది. ఆపరేషన్ జరిగింది, మూడు నెలల్లో తేరుకున్నాడు, మళ్ళీ అంగట్లో కూర్చున్నాడు. ఇంకో మూడు నెలలకి మన దగ్గరికి తీసుకొచ్చారు.

గోవిందయ్య భారీ మనిషి, తెల్ల చొక్కా. నా బల్ల ముందు కూర్చోగానే స్కాన్ కవరు పక్కన పెట్టి అడిగాడు.

"ఒకటే మాట చెప్పమ్మా. వీనికి ఉండేది జబ్బా, పొగరా? జబ్బయితే నా తమ్ముడు, నేను పోయేవరకూ నేను చూసుకుంటాను. పొగరయితే వాని దారి వాడు చూసుకోవాల. అంగడీ వద్దు, మా ఇంటి పైన వాడుండే పోర్షనూ వద్దు."

"అన్నకు పెట్టండి మేడమ్ ముందు పరీక్ష" అన్నాడు నాగభూషణ నవ్వుతూ. "ఆయన పాసయితే నేనూ రాస్తాను." అని నా వైపు తిరిగి, "మీ చున్నీ రంగు పోయే రకం. రెండు ఉతుకులకు తెలుస్తాది చూడండి" అన్నాడు.

నేను నవ్వాను. రిపోర్టులో "కలుపుగోలు మనిషి, బాగా సహకరించాడు" అని రాశాను. ముక్కూ మొహం తెలియని ఆడపిల్లతో మొదటి నిమిషంలోనే ఆమె బట్టల సంగతి మాట్లాడే అలవాటు అతనికి ముందు ఉండేదా అని అడగాలని నాకు తోచలేదు.

అతని భార్య పద్మ గోడ పక్క కుర్చీలో కూర్చుంది. ఫారంలో ఇంట్లోవాళ్ళు చెప్పినది రాసే చోటు ఉంది కదా, దానికోసం "ఇంట్లో ఎలా ఉంటున్నారండీ?" అని ఆమెను అడిగాను. ఆమె ఒకసారి బావగారి వైపు చూసి, కొంగు సర్దుకుని, "బాగానే ఉండారు" అంది.

"ఏమైనా ఇబ్బంది?"

"ఏమీ లేదు."

సార్, మీరొక ఐదు నిమిషాలు బయట కూర్చోండి అని గోవిందయ్యతో అంటే సరిపోయేది. ఆ వాక్యం నా గొంతు దాకా వచ్చింది. అంత పెద్దమనిషిని లేవమనడం నావల్ల కాలేదు. "ఫిర్యాదులేమీ లేవు" అని రాసేశాను.

తర్వాత నేనూ నాగభూషణా గదిలోకి వెళ్ళాం. గంటన్నర. అన్ని పరీక్షలూ బాగా చేశాడు. కార్డుల పరీక్షలో రంగును బట్టి వేరు చేయమని, మధ్యలో చెప్పకుండా రూలు మారుస్తాం కదా, రెండు కార్డులకే పట్టేశాడు. "మారింది కదా మేడమ్ రూలు? కొత్త రకం వచ్చినప్పుడు గిరాకీ కూడా ఇట్లే మారుతుంది" అన్నాడు. స్కాన్‌లో నుదుటి వెనక రెండు పక్కలా మచ్చ స్పష్టంగా ఉంది. స్కోర్లు చూస్తే అది మానిపోయినట్టే అనిపించింది. "పరీక్షించిన మేరకు ఆలోచనా శక్తిలో లోపమేదీ కనిపించలేదు" అని రాశాను. ఆ శుక్రవారం ఐదు రిపోర్టులున్నాయి. మేడమ్ అన్నిటితో పాటు దాని మీదా సంతకం చేశారు.

లామినేషన్

నాలుగు నెలల తర్వాత పద్మ ఒక్కతే వచ్చింది. కూర్చోమన్నా కూర్చోలేదు. సంచిలోంచి ఒక ప్లాస్టిక్ అట్ట తీసి బల్ల మీద పెట్టింది. నా రిపోర్టు. లామినేషన్ చేయించారు.

"ఇది రాసింది మీరేనా?"

"నేనేనండి."

"మా బావగారు చేయించినారు దీనికి. చేతులు మారి మారి నలిగిపోతుందని. మా పెద్దమామకు చూపించినారు, మా పుట్టింటివాళ్ళకు చూపించినారు. లోపం లేదని ఆస్పత్రివాళ్ళే రాసిచ్చినారు, అంతా కావాలని చేస్తా ఉండాడు, నువ్వు నెత్తిన పెట్టుకోని చెడగొట్టినావు అని నన్నే అంటా ఉండారు."

అప్పుడు చెప్పింది ఆమె, ఆ మొదటి రోజు నేను వినాల్సినదంతా. ఎవరో దారిన పోయేవాడు స్కూటర్ తాళాలు అడిగితే ఇచ్చేశాడు. ఎందుకిచ్చావంటే "ఒక రౌండు పోయి వస్తానన్నాడు, ఇచ్చినా" అన్నాడు. మనిషీ రాలేదు, స్కూటరూ రాలేదు. బేజారు పడనూ లేదు. కూతురికి జ్వరం వచ్చి ఒళ్ళు కాలిపోతుంటే "అట్లనా" అని టీవీ చూస్తూ కూర్చున్నాడు. చావింటికి పరామర్శకు వెళ్ళి, ఏడుస్తున్నవాళ్ళ ముందు కాఫీలో చక్కెర ఎక్కువైందన్నాడు.

"ముందు ఇట్లా మనిషి కాదు మేడమ్. నేను మెట్లెక్కి వస్తే అలికిడి విని, పద్మా కాలు నొస్తా ఉందా అని అడిగే మనిషి."

"ఆ రోజు అడిగాను కదండీ, ఏమీ లేదన్నారు."

ఆ మాట నా నోట్లోంచి వచ్చినందుకు ఇప్పటికీ సిగ్గుపడతాను.

పద్మ నన్ను తేరిపార చూసింది. "బావగారు ఎదురుగా ఉండాడు. మొగుని మీద చాడీలు ఎట్ల చెప్పేది? మీరూ ఆడపిల్లే కదా, మీకు తెలీదా?"

కూతుర్ని తీసుకుని పుట్టింటికి వచ్చేసి మూడు వారాలైందట. నెల ఆఖరుకి పోర్షన్ ఖాళీ చేయాలని గోవిందయ్య తమ్ముడికి చెప్పేశాడు. "ఆయన్ను ఒక్కడినే వదిలేస్తే ఏమైపోతాడో తెలీదు. బావగారు మంచోడే. పొగరని నమ్మినాడు కాబట్టి వెళ్ళమంటా ఉండాడు. ఎందుకు నమ్మడు, మీరే రాసిచ్చినారు కదా" అంది.

నెలాఖరుకి ఇంకా పదిహేను రోజులే ఉందని చెప్పి వెళ్ళింది. లామినేషన్ అట్ట నా బల్ల మీదే వదిలేసింది.

నువ్వేం చేశావు

మేడమ్ గదికి అట్ట తీసుకెళ్ళాను. ఆమె చదివి, తన సంతకాన్ని గోటితో గీరారు, పోతుందేమో అన్నట్టు. తిట్టలేదు. "అతను పరీక్షలో ఏం చేశాడో బాగా రాశావు. నువ్వేం చేశావో ఎక్కడా లేదే" అన్నారు.

"నేను పరీక్ష పెట్టాను మేడమ్."

"రికార్డింగ్ విను. నీ గొంతు వినిపించిన ప్రతిసారీ ఏం చేశావో రాయి. చేతులతో చేసింది గుర్తున్నంత రాయి. తర్వాత మాట్లాడదాం."

మాటల పరీక్ష కోసం సెషన్లు ఆడియో రికార్డు చేస్తాం కదా, దాన్ని మొదటి నుంచి విన్నాను. నా గొంతు వినడం నాకు కష్టం. అయినా విన్నాను. మధ్యలో గీత గీసి, ఎడమ పక్క అతను చేసింది, కుడి పక్క నేను చేసింది రాశాను.

కుడి పక్క ఇలా ఉంది. "మొదలుపెట్టండి" అన్నాను. "ఇటు చూడండి" అన్నాను. ఫ్యాను గాలికి కాగితం ఎగిరితే అతను దాని వెంట పడబోయాడు, నేను పట్టుకుని బరువు పెట్టాను. క్యాలెండర్ బొమ్మ గురించి మాట్లాడుతుంటే "అది తర్వాత చెబుదురుగానీ" అన్నాను. అతని ఫోను మోగితే తీసుకుని ఆపేశాను. అయిపోయిన కార్డులు వెంటనే తీసేశాను. "ఇంక చాలు" అన్నాను. "ఇప్పుడు ఇది" అన్నాను. మళ్ళీ "చాలు". లెక్కపెడితే ముప్పై ఒక్కసారి.

మేడమ్ ఆ కాగితం చూసి, వేలు కుడి పక్క పెట్టి కింది దాకా జరిపారు.

"మొదలుపెట్టించింది ఎవరు?"

"నేను."

"ఆపింది?"

"నేనే."

"పక్కకి పోకుండా చూసింది, తర్వాతేంటో గుర్తుపెట్టుకుంది?"

"అదీ నేనే మేడమ్."

"అతని నుదుటి వెనక పోయినదేదో ఆ గంటన్నరా నువ్వు అద్దెకిచ్చావమ్మా. ఇద్దరూ కలిసి రాసిన పరీక్ష ఇది. స్కోరు అతని ఒక్కడి పేరు మీద వేశాం." కాగితం నాకు తిరిగిచ్చి, "సంతకం పెట్టినదాన్ని నేను. నీ ఒక్కదాని తప్పని ఎక్కడా అనకు" అన్నారు. ఆ మాట తర్వాత ఎన్నో మీటింగుల్లో నిలబెట్టుకున్నారు. పైవాళ్ళలో అలాంటివాళ్ళు అరుదు.

అప్పటి నుంచి మన ఫారం మధ్యలో గీత ఉంది. పరీక్ష చేసేవాళ్ళు ఏం చేశారన్న రెండో కాలమ్ మీకు అనవసరపు రాతకోతలా అనిపించొచ్చు. అది ఎక్కడి నుంచి వచ్చిందో ఇదీ కథ.

అంగట్లో ఒక మధ్యాహ్నం

గది వదిలి అంగడికి వెళ్ళమన్నారు మేడమ్. గోవిందయ్యకి ఫోన్ చేసి చెప్పాను. "పాసయినాడని రాసి మళ్ళీ ఎందుకమ్మా?" అన్నాడు, కానీ రమ్మన్నాడు. గల్లా పక్కన స్టూలు వేశారు. నాగభూషణ నన్ను చూసి చెయ్యూపాడు. "చున్నీ మార్చినారే. చెప్పినా కదా."

తల్లీ కూతురూ వచ్చారు, నిశ్చితార్థం చీర కోసం. నాగభూషణ అద్భుతంగా మొదలుపెట్టాడు. చెయ్యి అలా విసిరితే చీర పరుపంతా పరుచుకునేది. నేత గురించి, అంచు గురించి చెబుతుంటే నాకే కొనాలనిపించింది. నాలుగోదో ఐదోదో, ఆకుపచ్చ చీర, ఆ అమ్మాయికి నచ్చింది. లేచి భుజం మీద వేసుకుని అద్దం ముందు నిలబడింది. తల్లి మొహం విచ్చుకుంది.

నాగభూషణ ఇంకోటి విప్పాడు. తల్లి అటు చూసింది. ఇంకోటి. ఆ తర్వాత ఇంకోటి. అమ్మాయి భుజం మీది చీర తీసి చేత్తో పట్టుకుంది. "ఇది బాగుంది కదమ్మా" అంది. "బాగుంది గానీ మీ రంగుకు కాదు పాపా, మొహం వాడినట్టు ఉండాది" అన్నాడు నాగభూషణ, మామూలుగా, టైమెంతో చెప్పినట్టు. విప్పుతూనే ఉన్నాడు. గల్లా దగ్గర నుంచి గోవిందయ్య "చాలప్పా" అన్నాడు. "సుమ్నె ఉండప్పా, ఊరికే ఉండు, చాలు" అని గట్టిగా అన్నాడు. చేతులు ఆగలేదు. పరుపు మీద చీరల గుట్ట లేచింది. తల్లీ కూతురూ ఒకరి మొహం ఒకరు చూసుకుని, మళ్ళీ వస్తామని వెళ్ళిపోయారు.

"చూసినావా అమ్మా" అన్నాడు గోవిందయ్య నాతో. "నా ఎదురుగా, నేను వద్దంటా ఉంటే. దీన్ని పొగరు కాక ఏమంటారు?"

నేను వెళ్ళి నాగభూషణ పక్కన పరుపు మీద కూర్చున్నాను. అతను చీరలు మడవడం మొదలుపెట్టాడు, అంచుకి అంచు తప్పకుండా.

"భుజం మీద చీర వేసుకున్నాక ఏం చేయాలండీ?" అని అడిగాను.

"ఇంకోటి విప్పకూడదు మేడమ్." వెంటనే చెప్పాడు. "అద్దంలో వాళ్ళను వాళ్ళు చూసుకుంటా ఉంటారు కదా, అప్పుడు మన చేతులు ఒళ్ళో ఉండాల. ఇంకోటి విప్పితే మనసు చెదిరిపోతాది. ఇది మా నాయన చెప్పినాడు. నేను పదిమందికి నేర్పినా."

"ఇప్పుడు మీరు విప్పారు కదా."

అతను చేతుల్లోని చీర చూశాడు. తర్వాత చేతులనే చూశాడు. "అవును" అన్నాడు. "విప్పినాను."

సమర్థించుకోలేదు, బాధపడలేదు. వేరే ఎవరి సంగతో చెప్పినట్టు చెప్పాడు. నేను వెనక్కి తిరిగి చూశాను. గోవిందయ్య గల్లా వదిలి లేచి వచ్చి మా వెనకే నిలబడి ఉన్నాడు. అంతా విన్నాడు.

రెండో రిపోర్టు

రెండో రిపోర్టు డాక్టర్ల కోసం ఇంగ్లీషులో, గోవిందయ్య కోసం తెలుగులో రాశాను. తెలుగుది ఒక పేజీ. ఏం చేయాలో మీ తమ్ముడికి తెలుసు, అడిగితే మీకన్నా బాగా చెబుతాడు. ఆ తెలిసినది చేతిని ఆపాలంటే మధ్యలో ఒక పని జరగాలి. అది జరిగే చోట దెబ్బ తగిలింది. మొదటి రిపోర్టు తప్పు, ఎందుకంటే ఆ పని ఆ రోజు నేను చేశాను. అదీ సారాంశం.

ఈసారి ముగ్గురినీ వేరువేరుగా పిలిచాను. గోవిందయ్యతో "సార్, మీరు బయట కూర్చోండి" అన్నాను. ఆయన మారుమాట లేకుండా లేచి వెళ్ళాడు. నేనేళ్ళుగా భయపడ్డ వాక్యం అంత తేలికైనదని అప్పుడే తెలిసింది.

ఆయన వంతు వచ్చినప్పుడు పేజీ రెండుసార్లు చదివాడు.

"బాగవుతాడా?"

"పాత మనిషిగా మారడం కష్టమండి. పక్కన ఎవరైనా ఉంటే చాలావరకు నెట్టుకురాగలడు."

"అంటే నాలుగు నెల్లు నేను ఒక జబ్బు మనిషిని తిట్టినానమ్మా."

"నా కాగితం చూసే కదండీ తిట్టారు."

లామినేషన్ అట్టను నేను చింపేద్దామని తీశాను. చిరగలేదు. రెండు చేతులతో మెలితిప్పినా ప్లాస్టిక్ తెల్లగా గీత పడిందే తప్ప చిరగలేదు. నాగభూషణ తలుపు దగ్గర నుంచి చూసి గట్టిగా నవ్వాడు. "గట్టిది చేయించినాడు మా అన్న" అన్నాడు. ఇంకెవరూ నవ్వలేదు. ఆ అట్ట మన బల్ల రెండో సొరుగులో ఉంది. మీరు పారేయొద్దు.

పద్మ పుట్టింటి నుంచి తిరిగి వచ్చింది. కథ సుఖాంతమైందని చెప్పను. "జబ్బని తెలిసినాక కోపం పోయింది మేడమ్. కానీ కోపం ఉన్నప్పుడే బాగుండె. ఆ మనిషి లోపల్నే ఉండాడు, మొండికేసినాడు అనుకునేదాన్ని" అంది ఒకసారి. ఇలాంటి మాట మీకూ ఎవరో ఒకరు చెబుతారు. సర్దిచెప్పొద్దు. వినండి, అంతే.

మీకు చెప్పాల్సినవి కొన్ని

లోపం లేదు అని రాసేముందు ఆ మాటతో ఇంట్లో ఏం చేస్తారో ఆలోచించండి. మన మాట స్కోరుకి సంబంధించినది. వాళ్ళు దాన్ని మనిషి గుణానికి తగిలిస్తారు. జబ్బు లేదంటే దుర్మార్గం ఉందని తేలినట్టే వాళ్ళకి.

అలాగని చెడ్డగా ప్రవర్తించే ప్రతివాడి వెనకా దెబ్బ వెతకొద్దు. దెబ్బకి ముందు కూడా పెళ్ళాన్ని కొట్టినవాడు నా దగ్గరికి వచ్చాడు, స్కాన్ అడ్డం పెట్టుకుని తప్పించుకుందామని. తేడా కనిపెట్టడానికి నాకు తెలిసిన దారి ఒక్కటే. ముందు ఎలా ఉండేవాడు అని అడగండి. మెట్ల మీద అలికిడి లాంటి సంగతి ఎవరో ఒకరు చెప్పేదాకా అడగండి.

రోజుకి ఇంతమందిని చూడాలని పైనుంచి ఒత్తిడి వస్తుంది. నాకూ వచ్చింది, సర్దుకున్నాను. సర్దుకోకుండా ఉండాల్సింది. గంటన్నరలో పేషెంట్లకి పరీక్ష పెట్టొచ్చు. వాళ్ళ అంగడి చూడటానికి ఒక మధ్యాహ్నం పోతుంది. ఆ మధ్యాహ్నం కోసం గొడవ పడండి. గొడవ నాకు చేతకాదు. మీలో ఒకరికి బాగా వచ్చని విన్నాను.

చాలప్పా

మానేసే ముందు వారం మా అమ్మకి చీర కొనడానికి చిక్కపేట వెళ్ళాను. గోవిందయ్య ఇప్పుడు గల్లా దగ్గర లేడు. అక్కడ పద్మ కూర్చుంటోంది. ఆయన పరుపు మీద తమ్ముడి పక్కన కూర్చున్నాడు, మోకాళ్ళు నొప్పని దిండు పెట్టుకుని. అంగడి తెరిచినప్పటి నుంచి మూసేదాకా అక్కడేనట.

నాగభూషణ విప్పాడు, నేను చూశాను. వంగపండు రంగు చీర ఒకటి తీసి, అమ్మకి ఎలా ఉంటుందోనని నా భుజం మీద వేసుకుని అద్దం వైపు తిరిగాను. అద్దంలో వెనక వాళ్ళిద్దరూ కనిపిస్తున్నారు. నాగభూషణ చెయ్యి పక్క చీర మీదికి వెళ్ళింది. గోవిందయ్య అటు చూడకుండానే తన చెయ్యి తమ్ముడి మణికట్టు మీద వేశాడు.

"చాలప్పా" అన్నాడు మెల్లగా.

నాగభూషణ ఆ చెయ్యి వైపు చూశాడు. అతని చేతులు ఒళ్ళోకి వచ్చాయి. నేను అద్దంలో చూసుకుంటున్నంతసేపూ అక్కడే ఉన్నాయి.

చీర ప్యాక్ చేస్తుంటే గోవిందయ్య నాకు మాత్రమే వినపడేలా అన్నాడు. "నాకు అరవై దాటింది మేడమ్. నేనుండే దినాలు సరే, ఆ తర్వాత?"

నేను తలూపాను. ఇంటికి వచ్చి డైరీలో మధ్యగా ఒక గీత గీశాను. ఎడమ పక్క "ఆగాడు" అని రాశాను. కుడి పక్క "అన్న చెయ్యి వేశాడు" అని రాశాను.